"మంచిగైంది" అన్న మాట

2025 ఏప్రిల్ 8, మంగళవారం. కర్మన్‌ఘాట్‌లో నేను రోజూ కూర్చునే చాయ్ హోటల్. గోడ మీద టీవీలో ఎర్ర పట్టీ పోతోంది: దిల్‌సుఖ్‌నగర్ జంట పేలుళ్ళ కేసులో ఐదుగురికి ఉరిశిక్షను హైకోర్టు ఖాయం చేసింది. 2016 డిసెంబర్ 19న చర్లపల్లిలో ఎన్‌ఐఏ ప్రత్యేక కోర్టు వేసిన సజానే నిలబడింది. హోటల్‌లో ఉన్న పది పన్నెండు మంది తలలెత్తి టీవీ చూశారు. తర్వాత కొందరు నన్ను చూశారు.

పగతో చూసిన చూపు కాదది. ఏళ్ళ తరబడి ఒకే బెంచీ మీద కూర్చుని ఉస్మానియా బిస్కెట్ సగం విరిచి ఇచ్చుకున్న మనుషులు. అయినా ఆ చూపులో ఒక సవాల్ ఉంది. నా పక్కన వెల్డింగ్ షాపు అన్న ఉన్నాడు. ఆయనే నోరు విప్పాడు.

"ఏమంటవ్ భాయ్?"

"మంచిగైంది అన్నా. గట్లాంటి జాలిములకు గదే సజా" అన్నాను. గట్టిగా, నలుగురికీ వినపడేటట్టు.

ఇంటికొచ్చి రాత్రి దస్తర్‌ఖాన్ మీద ఈ ముచ్చట చెప్పాను. పదో తరగతి చదివే మా బిడ్డ రొట్టె తుంచుతూ ఆగి, "అబ్బా, నువ్వు ఫాంసీకి ఖిలాఫ్ కదా? యాకూబ్ మెమన్ అప్పుడు దాదీతో కొట్లాడినవట కదా?" అంది. ఆ బిడ్డకు అప్పుడు ఐదేళ్ళు. అమ్మీ చెప్పి ఉంటుంది.

నేను జవాబు చెప్పలేదు. నీళ్ళ గ్లాసు అందుకున్నాను. ఆ రోజు నుంచి ఈ మాటలు లోపల తిరుగుతూనే ఉన్నాయి. ఇక్కడ రాస్తున్నది మా బిడ్డకు చెప్పాల్సిన జవాబే.

ముందు ఆ రాత్రి గురించి చెప్పాలి. 2013 ఫిబ్రవరి 21, గురువారం. మగ్రిబ్ అయిపోయి కొంచెంసేపే అయింది. నేను కొత్తపేట వైపు నుంచి బస్సులో వస్తున్నాను. చైతన్యపురి దగ్గర బస్సు ఆగిపోయింది. ముందు నుంచి జనం పరిగెత్తుకొస్తున్నారు. ఒకామె చెప్పులు లేకుండా వచ్చింది. ఆమె చీర మీద ఉన్నది రక్తమో, మిర్చీ బజ్జీల దుకాణం నూనో ఆ చీకట్లో తెలియలేదు. ఒక బాంబు 107 బస్టాప్ దగ్గర, ఇంకోటి మిర్చీ సెంటర్ దగ్గర. రెండూ సైకిళ్ళకు కట్టినవే. ఆఫీసుల నుంచి, కోచింగ్ సెంటర్ల నుంచి ఇళ్ళకు పోయే టైము అది. కడుపులో ఉన్న పసికందుతో కలిపి 18 ప్రాణాలు పోయాయి. వంద మందికి పైగా గాయపడ్డారు. వాళ్ళెవరూ ఎవరికీ ఏ అన్యాయమూ చేసినవాళ్ళు కాదు. బస్సు కోసం నిలబడ్డారు, అంతే.

ఫోన్లు కలవడం లేదు. ఎట్లాగో ఒక్కసారి అమ్మీ ఫోన్ కలిసింది. "జిందా ఉన్నవా?" అని అడిగింది. ఉన్నానన్నాను. వెంటనే, "టోపీ తీసి జేబులో పెట్టుకో బేటా" అంది.

పెట్టుకున్నాను. సరూర్‌నగర్ గల్లీల్లోంచి కర్మన్‌ఘాట్ దాకా నడిచొచ్చాను. ఇంటికొచ్చి టోపీ మళ్ళీ తల మీద పెట్టుకోవడానికి సిగ్గేసింది. పన్నెండేళ్ళ తర్వాత చాయ్ హోటల్‌లో "మంచిగైంది" అన్నప్పుడు కూడా నేను చేసింది అదే పని.

ఆ పేలుళ్ళకు సరిగ్గా పన్నెండు రోజుల ముందు, ఫిబ్రవరి 9న, తీహార్‌లో అఫ్జల్ గురును ఫాంసీ ఇచ్చారు. అంతకు మూడు నెలల ముందు కసబ్‌ను. ఫాంసీ ఇస్తే ఖౌఫ్ పుడుతుంది, ఇంకొకడు ఈ పని చేయడు అంటారు కదా. దిల్‌సుఖ్‌నగర్‌లో సైకిళ్ళు నిలబెట్టినవాళ్ళకు ఏ ఖౌఫ్ పుట్టింది? చావడానికి తయారైనవాణ్ణి చావుతో బెదిరించడం నాకైతే ఎన్నడూ అర్థం కాలేదు.

ఫాంసీ మాట తీస్తే మన ఇళ్ళలో మొదట వచ్చే అడ్డు దీన్ పేరు మీదే వస్తుంది. రియాద్‌లో పదేళ్ళు పనిచేసి వచ్చిన మా ఖాలా కొడుకు నన్ను నిలదీశాడు: "ఖిసాస్ అల్లాహ్ హుకుం. జాన్‌కు బదల్ జాన్. నువ్వెవడివి వద్దనడానికి?" ఆలిమ్‌ను కాను కాబట్టి నాకు తెలిసింది మాత్రమే చెప్పాను. ఖిసాస్ గురించి చెప్పిన బఖరా సూరా ఆయతులోనే మాఫీ మాట కూడా ఉంది. చనిపోయినవాడి వారసులు మాఫ్ చేయవచ్చు, దియత్ తీసుకోవచ్చు, రెండూ వద్దని ఖిసాస్ అడగవచ్చు. మాఫ్ చేసేవాణ్ణి అక్కడ అన్న అనే రిష్తాతో చూపించారు. అంటే అది వలీ హక్. షుబా ఉంటే పెద్ద సజాలు ఆపేయాలన్నది ఫిఖ్‌లో పాత ఉసూల్. ఖాజీ తప్పు చేస్తే మాఫీలో చేయడం మేలు, సజాలో చేయడం కన్నా అన్నది మన పెద్దల మాట. ఇప్పుడు మన దేశంలో ఉరి అనే దాంట్లో ఇవేవీ లేవు. కేసు సర్కారుది, సజా సర్కారుది, మాఫీ రాష్ట్రపతిది. కొడుకును పోగొట్టుకున్న తల్లి కోర్టులో ఒక సాక్షి, అంతే.

"మరి ఈ హక్ ఎవరు గుంజుకున్నరు?" అన్నాడు వాడు. మంచి సవాలే. గుంజుకున్నది కంపెనీ. మొగలుల కాలం నుంచి బెంగాల్ కోర్టుల్లో నడిచిన ఇస్లామీ ఫౌజ్‌దారీ ఖానూన్‌ను కార్న్‌వాలిస్ 1790లో మార్చాడు. ఖతల్ కేసుల్లో వారసుల ఇష్టాయిష్టాలతో పని లేదన్నాడు. వారసులు మాఫ్ చేసినా సజా ఆగదు. ముజ్రిమ్‌లు తప్పించుకుంటున్నారని, డబ్బున్నవాడు దియత్ కట్టి బయటపడుతున్నాడని ఆయన వాదన. ఆ వాదనలో నిజం లేకపోలేదు. ఈ రోజుకూ దియత్ నడిచే దేశాల్లో గరీబు మీద బలవంతుడు ఒత్తిడి పెట్టడం చూస్తున్నాం. కానీ ఆ రోజు నుంచి చంపే హక్కూ, వదిలే హక్కూ రెండూ ఒకే చేతికి పోయాయి. ఇప్పుడు మనం ఖిసాస్ అనుకుని సమర్థిస్తున్నది నిజానికి కార్న్‌వాలిస్ ఖానూన్ అని మా ఖాలా కొడుక్కి చెప్పాను. వాడు ఒప్పుకోలేదు గానీ చాయ్ ఇంకో కప్పు అడిగాడు.

తెలుగులో చంపేవాణ్ణి తలారి అంటారు. ఉర్దూలో జల్లాద్. కథల్లో తలారి కత్తి పట్టుకుని ఉంటాడు. ఊళ్ళలో తలారి అంటే కాపలా తిరిగే, కబురు మోసే చిన్న నౌకరు. రాజు చేయించిన పనికి ఆ గరీబు పేరు అంటుకుంది.

మన హైదరాబాద్‌లో ఉరి కథ మొదలుపెడితే కోఠీలో మొదలుపెట్టాలి. ఉమెన్స్ కాలేజీ అంటున్నది అప్పటి బ్రిటిష్ రెసిడెన్సీ. 1857 జులై 17, జుమా నమాజ్ తర్వాత తుర్రెబాజ్ ఖాన్, మౌల్వీ అల్లాఉద్దీన్ ముందు నడవగా జనం దాని మీదికి పోయారు. తోపుల ముందు నిలబడలేకపోయారు. మౌల్వీ సాబ్‌ను అండమాన్ పంపారు. తుర్రెబాజ్ ఖాన్‌కు కూడా కాలాపానీయే పడింది గానీ, 1859 జనవరిలో ఆయన ఖైదు నుంచి తప్పించుకున్నాడు. తూప్రాన్ దగ్గర పట్టుకుని కాల్చేశారు. కథ అక్కడ ఖతమ్ కావాలి. కాలేదు. లాష్‌ను నగరానికి తెచ్చి రెసిడెన్సీ దగ్గర అందరూ చూసేటట్టు వేలాడదీశారు. చచ్చినవాణ్ణి ఉరి తీయడం ఏమిటి? అప్పుడు అర్థమవుతుంది, ఉరి ఆ వేలాడేవాడి కోసం కాదు, కింద నిలబడి చూసేవాళ్ళ కోసం. అంతకు పన్నెండేళ్ళ ముందు, 1847 ఫిబ్రవరి 22న, కోయిలకుంట్లలో ఉయ్యాలవాడ నరసింహారెడ్డిని ఉరి తీసి, ఆయన తలను 1877 దాకా కోట మీద వేలాడనిచ్చారు. ముప్పై ఏళ్ళు! చూసిన పిల్లలు పెద్దవాళ్ళయి వాళ్ళ పిల్లలకు చూపించి ఉంటారు. నిర్మల్‌లో రాంజీ గోండును, ఆయనతో కలిసి లేచిన గోండులను, రొహిల్లాలను ఒకే మర్రిచెట్టుకు ఉరి తీశారని ఆ ఊరు ఇప్పటికీ చెప్పుకుంటుంది. వెయ్యి ఉరుల మర్రి అని దానికి పేరు. గోండు, పఠాన్ పక్కపక్కన వేలాడిన ఆ చెట్టు గురించి మన పిల్లల పాఠాల్లో ఒక పేజీ ఉంటే బాగుండు.

కోఠీలో తుర్రెబాజ్ ఖాన్ పేరు మీద రోడ్డుంది. ఆ రోడ్డు మీద పాత పుస్తకాలు కొనుక్కునే రోజుల్లో నాకు ఆ పేరు వెనక కథ తెలియదు.

ఆ తర్వాత ఇంగ్లాండ్‌లో ఉరి కొంచెం 'షరాఫత్' నేర్చుకుంది. 1868లో జనం ముందు ఉరి తీయడం ఆపి జైలు గోడల లోపలికి తీసుకుపోయారు. 1872లో మార్వుడ్ అనే ఉరితీసేవాడు మనిషి బరువును బట్టి తాడు పొడవు లెక్కగట్టే పద్ధతి తెచ్చాడు. మెడ ఒక్కసారిగా విరగాలి, గిలగిలా కొట్టుకోవద్దు. బరువుకు ఇన్ని అడుగులు అని పట్టికలు తయారయ్యాయి. అవే లెక్కలు మన జైళ్ళ మాన్యువళ్ళలోకి వచ్చాయి. తాడు బక్సర్ జైల్లో ఖైదీలే పేనుతారు.

మనకు ఈ పద్ధతి నేర్పిన ఇంగ్లాండ్ మాత్రం దాన్ని వదిలేసింది. టిమోతీ ఇవాన్స్ అనే వాణ్ణి తన బిడ్డను చంపాడని 1950లో ఉరి తీశారు. మూడేళ్ళ తర్వాత తెలిసింది, అదే ఇంట్లో కింది అంతస్తులో ఉండే క్రిస్టీ అనేవాడు వరసగా ఆడవాళ్ళను చంపిన హంతకుడని. ఇవాన్స్ కేసులో ముఖ్య సాక్షి ఆ క్రిస్టీయే! 1966లో ఇవాన్స్‌కు మాఫీ ఇచ్చారు. మాఫీ కాగితం ఎవరికి అందించారో అల్లాహ్‌కే తెలియాలి. 1964 ఆగస్టు తర్వాత అక్కడ ఎవరినీ ఉరి తీయలేదు. 1965లో హత్యలకు ఉరిని ఐదేళ్ళు ఆపి, 1969లో పూర్తిగా తీసేశారు. 1998లో మిగిలిన చట్టాల్లోంచి కూడా పోయింది. మన దగ్గర 2024 జులై 1 నుంచి కొత్త చట్టాలు అమల్లోకి వచ్చాయి. బ్రిటిష్ గులామీ గుర్తులు తుడిచేశామన్నారు. ప్రాణం పోయేదాకా మెడకు ఉరి వేయాలన్న ఆ ఒక్క మాట మాత్రం కొత్త సంహితలో కూడా భద్రంగా ఉంది.

మనవాళ్ళు ఎవరూ అడగలేదని కాదు. 1948 నవంబర్‌లో రాజ్యాంగ సభలో యునైటెడ్ ప్రావిన్సెస్ నుంచి వచ్చిన ముస్లిం లీగ్ సభ్యుడు జెడ్. హెచ్. లారీ లేచి మరణశిక్ష తీసేయాలని సవరణ పెట్టాడు. మనిషి ఫైసలాలో తప్పు జరగవచ్చు, ఈ సజాను మాత్రం వాపస్ తీసుకోలేం అన్నది ఆయన దలీల్. సభ ఒప్పుకోలేదు. అంబేద్కర్ కూడా 1949 జూన్‌లో, ఈ శిక్షను పూర్తిగా రద్దు చేయడమే మేలని సభలో అన్నారు. లారీ సాబ్ తర్వాత పాకిస్తాన్ వెళ్ళిపోయాడు. ఆయన పేరు ఇక్కడ ఎవరికీ గుర్తు లేదు, అక్కడ ఎందుకుంటుంది? కానీ ఆయన సవరణలో కూడా ఒక దర్వాజా తెరిచే ఉంది: హింసతో కూడిన రాజద్రోహానికి మినహాయింపు. 2015 ఆగస్టులో జస్టిస్ ఎ. పి. షా లా కమిషన్ ఉరి తీసేయమని రిపోర్ట్ ఇచ్చినప్పుడూ అదే. అన్నింటికీ రద్దు, దహ్‌షత్‌గర్దీకి తప్ప. ఈ 'తప్ప' అన్న మాట దగ్గరే నేను చాయ్ హోటల్‌లో దొరికిపోయాను.

ఇదే కాలంలో నల్గొండ కామ్రేడ్ల మెడల దాకా తాడు వచ్చింది. సాయుధ పోరాటం కేసుల్లో స్పెషల్ ట్రిబ్యునల్ పన్నెండు మంది తెలంగాణ రైతులకు ఉరి వేసింది. వాళ్ళ తరఫున ఇంగ్లాండ్ నుంచి డి. ఎన్. ప్రిట్ అనే వకీల్ సుప్రీం కోర్టుకు వచ్చాడు. దేశమంతా గొంతెత్తితే చివరికి అవి యావజ్జీవాలయ్యాయి. వాళ్ళు బతికారు.

భూమయ్య, కిష్టాగౌడ్ బతకలేదు.

ఈ ముచ్చట నాకు అబ్బా చెప్పాడు. 1975లో ఆయన ముషీరాబాద్ దగ్గర ఒక ప్రెస్‌లో అక్షరాలు పేర్చే పని చేసేవాడు. ఆదిలాబాద్ జిల్లాకు చెందిన ఇద్దరు రైతులు, నక్సలైట్ కేసులో ఉరి పడింది. ముందు ఒకసారి తేదీ ఖరారై ఆఖరి నిమిషంలో ఆగింది. కన్నబిరాన్ లాంటి వకీళ్ళు పరుగులు పెట్టారు, బయటి దేశాల నుంచి కూడా దరఖాస్తులు వచ్చాయి. ఇంతలో ఎమర్జెన్సీ వచ్చింది. 1975 డిసెంబర్ 1, తెల్లవారుజామున ముషీరాబాద్ జైల్లో ఇద్దరినీ ఉరి తీశారు. తమ కళ్ళు దానం చేయమని చెప్పి పోయారట. సెన్సార్ ఉంది, ఏం అచ్చు వేయాలన్నా భయం. "ఆ రోజు ప్రెస్సుల ఎవ్వరు మాట్లాడలే బేటా. టైపు కేసుల అక్షరాలున్నయ్. పేర్చెతందుకు చేతులు రాలే" అనేవాడు అబ్బా. ఆయన నక్సలైట్ కాదు, ఐదు పూటలా నమాజీ. అయినా ఆ ఇద్దరి పేర్లు తలచుకున్నప్పుడు, ముస్లింలకు చెప్పినట్టే వాళ్ళకూ ఇన్నాలిల్లాహ్ చెప్పేవాడు. అట్లా చెప్పవచ్చా అని అడిగే వయసు నాకు అప్పుడు లేదు.

2020 మార్చి 20న తీహార్‌లో నలుగురిని ఉరి తీశారు. రెండు రోజులకు జనతా కర్ఫ్యూ. ఆ జులైలో మా మామూను కరోనాతో గాంధీ ఆస్పత్రిలో చేర్చాం. లోపలికి పోనివ్వరు. గేటు బయట రోడ్డు మీద రాత్రంతా నిలబడ్డాం. మాతో నిలబడ్డ ఒక ముసలాయన, "గిదంత జైలుండె గదా ముందు" అన్నాడు. అప్పుడు తట్టింది. ముషీరాబాద్ జైలు కూల్చేసి ఆ జాగాలోనే ఇప్పటి గాంధీ ఆస్పత్రి కట్టారు. అబ్బా చెప్పిన ఆ తెల్లవారుజాము ఇక్కడే జరిగింది. ఏ జాగాలో మనిషిని ఊపిరి ఆగేదాకా వేలాడదీశారో, అదే జాగాలో ఆ రాత్రి మనుషులకు ఊపిరి అందించడానికి ఆక్సిజన్ గొట్టాలు పట్టుకుని డాక్టర్లు ఉరుకుతున్నారు. మా మామూ పన్నెండో రోజు నడిచి బయటికి వచ్చాడు. ఉరికంబం ఉన్నది సరిగ్గా ఎక్కడో తెలుసుకోవాలని నాకు అనిపించలేదు.

ఈ దేశంలో ఎవరికి ఉరి పడుతుంది, ఎవరికి తప్పుతుంది అన్న దానికి లెక్క ఏదైనా ఉందా అని చాలా వెతికాను. 1974లో మన ఆంధ్ర మనిషే, ఎడిగ అన్నమ్మ. ఒక ఆడమనిషినీ, ఆమె పసిబిడ్డనూ చంపిన కేసు. సుప్రీం కోర్టులో జస్టిస్ కృష్ణయ్యర్ ఆమె వయసు చూశాడు, అత్తింటివాళ్ళు వెళ్ళగొట్టిన సంగతి చూశాడు, చిన్న కొడుకున్న సంగతి చూశాడు, ఉరి భయంతో జైల్లో గడిపిన కాలం చూశాడు. యావజ్జీవం చేశాడు. 1993 మార్చి 8న చిలకలూరిపేట దగ్గర ఇద్దరు దళిత యువకులు దోపిడీకని బస్సు ఎక్కి పెట్రోల్ పోశారు. 23 మంది కాలిపోయారు. ఘోరం. ఉరి తేదీ దాకా వచ్చి ఆగింది. 1998లో రాష్ట్రపతి నారాయణన్ దాన్ని యావజ్జీవం చేశారు. ఆ ఇద్దరి కోసం తిరిగినవాళ్ళు ఆ 23 మంది కుటుంబాలకు దుష్మన్‌లు కారు. 1980 నుంచి కోర్టులు 'అరుదైన వాటిలో అరుదైన' కేసుకే ఉరి అంటున్నాయి. ఏది అరుదు? ఒక జడ్జికి అరుదైనది ఇంకో జడ్జికి కాదు. ఒక రాష్ట్రపతి సంతకం చేసింది ఇంకో రాష్ట్రపతి చేయడు. ఖిస్మత్ అంటే ఇదేనేమో!

అన్నింటికన్నా నన్ను రాత్రిళ్ళు లేపేది వేరే ఉంది.

2007 మే 18న మక్కా మసీదులో బాంబు పేలింది. నమాజ్ చదువుతున్నవాళ్ళే చనిపోయారు. తర్వాత పట్టుకుపోయింది మన మహల్లాల పిల్లల్నే. దెబ్బలు తిన్నారు, జైలుకు పోయారు, చివరికి కోర్టు బేగునా అని వదిలేసింది. కొందరి నిఖాలు తప్పిపోయాయి, కొందరి నౌకరీలు. ఆ రోజుల్లో టీవీల వాళ్ళు అడిగినట్టు 'వెంటనే' ఉరి ఉండి ఉంటే? గుజరాత్‌లో అక్షర్‌ధామ్ కేసు చూడండి. ఆరుగురికి సజా, అందులో ముగ్గురికి ఉరి. హైకోర్టు కూడా ఖాయం చేసింది. 2014 మే 16న, లోక్‌సభ ఫలితాలు వచ్చిన రోజే, సుప్రీం కోర్టు ఆరుగురినీ బరీ చేసింది. ఉరి పడినవాళ్ళలో ఒక ముఫ్తీ సాబ్ పదకొండేళ్ళు లోపలే ఉన్నాడు. పాకిస్తాన్‌లో పెషావర్ పిల్లల ఖతల్ తర్వాత, 2008 నుంచి ఆపిన ఫాంసీలను మళ్ళీ మొదలుపెట్టారు. 2016 అక్టోబర్‌లో అక్కడి సుప్రీం కోర్టు ఇద్దరు అన్నదమ్ములను బేగునా అని తేల్చింది. అప్పటికే ఏడాది ముందు వాళ్ళను ఉరి తీసేశారు. కలిమా చదివే జడ్జీలు, కలిమా చదివే జైలర్లు. గలతీకి మజహబ్ లేదు.

2025 జులై 21న ఇంకొకటి. 2006 ముంబై లోకల్ రైళ్ళ పేలుళ్ళు, 180 మందికి పైగా చనిపోయిన కేసు. 2015లో ఐదుగురికి ఉరి వేశారు. పందొమ్మిదేళ్ళ తర్వాత బాంబే హైకోర్టు పన్నెండు మందినీ నిర్దోషులంది. ఉరి పడిన ఐదుగురిలో ఒకరు అప్పటికే జైల్లో చనిపోయాడు. సర్కారు సుప్రీం కోర్టుకు పోయింది, అక్కడేమవుతుందో చూడాలి. మరి ఆ 180 మంది కుటుంబాలకు ఇన్సాఫ్ ఏది? పందొమ్మిదేళ్ళు "వీళ్ళే" అని చూపించి, ఇప్పుడు "వీళ్ళు కాదు" అంటే, ఆ తల్లులు ఎవరి వైపు చూడాలి? అసలు ముజ్రిమ్ ఎక్కడో చాయ్ తాగుతూ ఉండవచ్చు.

అర్థం చేసుకోండి, దిల్‌సుఖ్‌నగర్ కేసులో ఐదుగురు బేగునా అని నేను అనడం లేదు. రెండు కోర్టులు చూశాయి, ఇంకా సుప్రీం కోర్టు ఉంది. వాళ్ళు చేసి ఉంటే, వాళ్ళు జాలిములే. బయటికి రావద్దు. నా పిల్లలు తిరిగే రోడ్డు మీదికి అసలే రావద్దు. ఒక్క జాన్‌ను నాహక్‌గా తీయడం మొత్తం ఇన్సానియత్‌ను తీయడమే అని మాయిదా సూరా చెప్పింది వాళ్ళ విషయంలో కూడా. నేను అంటున్నది ఒక్కటే. తాడు వద్దు. నాకు నచ్చినవాళ్ళకు వద్దు, నాకు అసహ్యమైనవాళ్ళకు వద్దు. నిర్భయ కేసులో ఉరి పడినప్పుడు అనాల్సింది, అప్పుడూ అనలేదు. భూమయ్య, కిష్టాగౌడ్ గురించి రాయడం ఆసాన్. ఈ ఐదుగురి దగ్గర నోరు పడిపోతుంది. ఇదే మాట ఒక శర్మ గారు రాస్తే మానవతావాది అంటారు. నేను రాస్తే అడిగే సవాల్ వేరే ఉంటుంది. ఆ ఖౌఫే నాతో "మంచిగైంది" అనిపించింది.

ముంబై ఫైసలా వచ్చిన వారానికి వెల్డింగ్ షాపుకు పోయాను. గేటు గొళ్ళెం ఊడింది, అతికించాలి. అది బహానా. ఆ రోజు అన్న 107 బస్టాప్‌కు ఇవతల ఉన్నాడు. ఎడమ చెవి వినపడదు ఇప్పటికీ. అందుకే ఎప్పుడూ ఆయన కుడి పక్కన కూర్చుంటాను.

"అన్నా, ఏప్రిల్‌ల హోటల్ కాడ నేను మంచిగైందన్న గదా. అబద్ధం చెప్పిన" అన్నాను.

అద్దాలు పైకెత్తి చూశాడు. "మరి ఏమంటవ్ ఇప్పుడు?"

చెప్పాను. ఈ రాసినదంతా కాదు, నాలుగు ముక్కలు. వారసుల హక్ గురించి కూడా చెప్పాను. ఆయన చాలాసేపు గొళ్ళెం వైపే చూశాడు.

"నాకైతే ఉరి పడాలె భాయ్" అన్నాడు. "ఆ పొద్దు నా పక్కకు నిలబడ్డ పిలగాడు, ఇట్ల బ్యాగు ఏసుకుని ఉండె. ఇప్పటికి కనబడ్తడు. వాళ్ళను ఉరి తీస్తె ఆ రాత్రి మంచిగ నిద్ర పడ్తదేమో అనుకుంట. పట్టకపోవచ్చు గూడ."

"మాఫ్ చేసే హక్కు నీకిస్తే అన్నా?"

"నన్నెవరు అడిగిండ్రు భాయ్?" అన్నాడు వెంటనే. "పోలీసోళ్ళు అడిగిండ్రు, టీవీలోళ్ళు అడిగిండ్రు. ఏం చూసినవ్, ఎక్కడ నిలబడ్డవ్, సప్పుడు ఎట్లొచ్చింది. నీకేం కావాల్నని ఇయ్యాల్టిదాక ఎవ్వరడగలే."

"ఇప్పుడు నేనడుగుతున్న."

అద్దాలు మళ్ళీ కళ్ళ మీదికి దించుకున్నాడు. "సోంచాయించి చెప్త. ఇప్పటికైతే ఉరే" అని, నన్ను మొహం అటు తిప్పుకొమ్మని చెయ్యి ఊపి, మిషన్ ఆన్ చేశాడు.